ఎడమ మూల తడి

మెకానిక్ వచ్చి పావుగంట కాకముందే దోషి ఎవరో తేలిపోయింది.

అతను కింద నీళ్లు కారుస్తున్న డిష్‌వాషర్ తలుపు తీసి లోపలికి తొంగిచూశాడు. టార్చి వేశాడు, ఆర్పాడు. సింకు పక్కన ఆకుపచ్చ సీసాలో చేత్తో గిన్నెలు తోముకునే నిమ్మ వాసన లిక్విడ్ సబ్బు ఉంది. దాన్నొకసారి చూశాడు, వంటింటి గుమ్మం దగ్గర నిలబడ్డ పెద్దావిడని ఒకసారి చూశాడు. ఇంకేం, తీర్పు చెప్పేశాడు.

"ఈ సబ్బు మిషన్లో వేస్తే నురగ పొంగుతుంది సార్. పొంగితే తలుపు సందుల్లోంచి నీళ్లు కారతాయి. మిషన్లో ఏ లోపమూ లేదు," అని ఆవిడ కొడుకుతో చెప్పాడు.

"నేను వెయ్యలేదు," అంది ఆవిడ.

మెకానిక్ ఆవిడకేసి తిరిగి ఓపిగ్గా నవ్వాడు. "పెద్దవాళ్లున్న ప్రతి ఇంట్లోనూ ఇదే గొడవమ్మా. మా అమ్మ కూడా అంతే."

"మీ అమ్మ సంగతి నాకు తెలీదు. నేను మాత్రం వెయ్యలేదు. నురగంటున్నావు, ఏదీ, చూపించు."

"ఆరిపోయుంటుంది."

ఆడలేక మద్దెల ఓడన్నాడట వెనకటికొకడు. ఇతను మద్దెలని కూడా అనలేదు, పక్కన నిలబడ్డ మనిషిని అన్నాడు. కాగితం మీద 'వాడకంలో తప్పు' అని రాసి, కింద కొడుకు చేత సంతకం పెట్టించుకుని, చేతిసంచీ భుజాన వేసుకుని వెళ్లిపోయాడు.

ఆ మేడలో అందరికీ ఆవిడ నర్సమ్మ. ఉద్యోగం మానేసి చాలా ఏళ్లయినా పై వాటావాళ్లకి జ్వరమొచ్చినా, కింది వాటా పిల్ల మోకాలు చీరుకుపోయినా ముందు ఈ తలుపే కొడతారు. ముప్పై నాలుగేళ్లు ఆపరేషన్ వార్డులో ఆవిడ చెప్పిన మాటని డాక్టర్లు సైతం రెండోసారి అడిగేవాళ్లు కాదు. అలాంటిది ఈరోజు సొంత వంటింట్లో ఒకే మాట మూడుసార్లు చెప్పినా ఎవరి చెవికీ ఎక్కలేదు.

సాయంత్రం టీ తాగుతుంటే కోడలు మెల్లగా విషయం కదిపింది.

"సోమవారం నుంచి ఒకావిడ వస్తుంది అత్తయ్యా. పొద్దున మేం వెళ్లిన దగ్గర్నుంచి సాయంత్రం వచ్చేదాకా మీతోనే ఉంటుంది. వంటిల్లంతా ఆవిడే చూసుకుంటుంది. మీకు తోడుగా ఉంటుందని."

"తోడా, కాపలానా?"

కొడుకు కప్పులో చెంచా తిప్పుతూనే ఉన్నాడు. చక్కెర ఎప్పుడో కరిగిపోయింది.

"అమ్మా, పోయిన నెల పాలు పొయ్యి మీద పెట్టి మర్చిపోయావు. తాళాలు ఫ్రిజ్‌లో దొరికాయి. ఇప్పుడిది. నిన్నెవరూ ఏమీ అనట్లేదే."

"పాలు మర్చిపోయాను, ఒప్పుకున్నాను. తాళాలూ ఒప్పుకున్నాను. చెయ్యని పని ఎందుకు ఒప్పుకోవాలి?"

"మర్చిపోయి వేసుంటారు. ఫర్వాలేదత్తయ్యా," అంది కోడలు, ఎంతో ప్రేమగా.

ఆ 'ఫర్వాలేదు' ములుకులా దిగింది. తిట్టినా బాగుండేది. తిడితే తిరిగి తిట్టొచ్చు, అలిగి పడుకోవచ్చు. ప్రేమగా జాలిపడే మనిషితో ఎట్లా పోట్లాడతారు ఎవరైనా? పైగా కోడలు చెడ్డది కాదు, ఆ సంగతి ఆవిడకీ తెలుసు. అంతకంటే పెద్ద భయం ఇంకోటి ఉంది. దాన్ని ఆవిడ ఎవరికీ చెప్పలేదు, తనకి తానే పూర్తిగా చెప్పుకోలేదు. నిజంగానే వేశానేమో.

వేసి ఉంటే సోమవారం వచ్చే మనిషికి పొయ్యి అప్పజెప్పి హాల్లో కూర్చోవలసిందే. వెయ్యకపోతే, వెయ్యలేదని తేలాలి. సోమవారానికింకా నాలుగు రోజులుంది. నర్సమ్మ గ్లాసు కడిగి బోర్లించి, అల్మరాలో పాత తువాళ్లు ఎన్నున్నాయో లెక్కపెట్టింది.

గురువారం పొద్దున వాళ్లిద్దరూ ఆఫీసులకి వెళ్లి తలుపు పడగానే ఆవిడ మోకాళ్ల కింద దిండు వేసుకుని మిషన్ ముందు కూర్చుంది. కూర్చోవడానికి రెండు నిమిషాలు పట్టింది. లేవడానికెంత పడుతుందో తర్వాత చూసుకోవచ్చు.

మిషన్ అడుగున ఒక సన్నటి రేకు పలక ఉంది, రెండే మరలు. ఒకటి తేలిగ్గానే వచ్చింది. రెండోది మొరాయించింది. ఆవిడ తిట్టింది. అది కూడా వచ్చింది. పలక తీశాక లోపలంతా చీకటి, దుమ్ము, ఎప్పుడో దొర్లిపోయిన ఒక బఠానీ గింజ, రెండు గొట్టాలు. ఒకటి నీళ్లు తెచ్చేది, ఒకటి పోయేది. ఆవిడ రెండింటినీ పైనుంచి కిందిదాకా వేళ్లతో తడిమింది. పొడిగా ఉన్నాయి.

నాలుగు తువాళ్లు ఒకే కొలతకి మడత పెట్టింది. పిండి తూచుకునే త్రాసు మీద ఒక్కొక్కటీ తూచింది. ఒక్కోటీ అరవై రెండు గ్రాములు. నాలుగింటినీ మిషన్ కింద నాలుగు మూలల్లో పెట్టింది. వార్డులో ఇది రోజూ చేసే పనే. పేషెంటుకి ఎంత రక్తం పోయిందో కళ్లతో చూసి చెప్పేవాళ్లు చాలామంది ఉండేవాళ్లు, చాలామంది తప్పే చెప్పేవాళ్లు. గుడ్డ తడవకముందు తూచి, తడిశాక తూచితే ఎవరూ వాదించలేరు.

అట్టకి క్లిప్పు పెట్టి ఒక కాగితం బిగించింది. స్కేలుతో గీతలు గీసింది. టైము, సబ్బు, ఎక్కడ తడి, ఎంత, సంతకం. ఏ పని చేసినా అప్పుడే, అక్కడే రాయాలి. కుదిరినప్పుడు రాద్దామనుకున్న నర్సు ఎప్పుడో ఒకప్పుడు ఎవరినో ఒకర్ని చంపుతుందని ఆవిడ కొత్త పిల్లలకి చెప్పేది.

మొదటిసారి మామూలుగానే గిన్నెలు సర్ది, ఎప్పుడూ వేసే డిష్‌వాషర్ బిళ్ల వేసి తిప్పింది. ముందు ఎడమ మూల తువాలు నూట ముప్పై ఎనిమిది గ్రాములు పెరిగింది. మిగతా మూడూ పొడి. రెండోసారి గిన్నెల్లేవు, బిళ్ల లేదు, ఉత్త నీళ్లు. ముందు ఎడమ, నూట ముప్పై ఒకటి. మిగతా మూడూ పొడి.

త్రాసు మీద ఆ అంకె చూసి ఆవిడ అట్టని గుండెకి ఆనించుకుంది. సబ్బు చుక్క లేకుండా కూడా కారుతోంది. అయినా ఒక్కసారి వచ్చిన అంకెని నమ్మే అలవాటు లేక మళ్లీ తిప్పింది. నూట ముప్పై నాలుగు. అదే మూల.

సాయంత్రం కోడలు కాస్త ముందుగానే వచ్చింది. హాల్లో చెప్పులు విప్పుతూనే వంటింట్లో నేల మీద కూర్చున్న అత్తగార్ని చూసి సంచీ అక్కడే వదిలేసి పరుగెత్తుకొచ్చింది.

"పడ్డారా? దెబ్బ తగిలిందా?"

"పడలేదమ్మా. కూర్చున్నాను. లేవడానికి చెయ్యి ఇస్తే ఇవ్వు."

చెయ్యి ఇచ్చి లేపాక కోడలికి పలక, మరలు, తువాళ్లు అన్నీ ఒకేసారి కనిపించాయి. మొహం ఎర్రబడింది.

"ముట్టుకోవద్దన్నాం కదా అత్తయ్యా! నీళ్లూ కరెంటూ కలిసినచోట... ఏదైనా అయితే నేను మీ అబ్బాయికి ఏం చెప్పుకోవాలి?"

"స్విచ్చి ఆపేశాకే పలక విప్పాను. అది తర్వాత తిడుదువుగాని, ముందిది చూడు." అట్ట చేతికిచ్చింది. "బిళ్ల లేదు, సబ్బు లేదు. రెండుసార్లు. అయినా కారింది."

కోడలు చదివింది. శ్రద్ధగానే చదివింది. తర్వాత ఏదో చెప్పబోయి ఆగింది.

"చెప్పు."

"అది కాదత్తయ్యా... మెకానిక్ వెళ్తూ వెళ్తూ ఇంకోటి కూడా అన్నాడు. ఒకసారి ఆ సబ్బు పడితే లోపల మిగిలిపోతుందట. వారమైనా నురగ తెస్తూనే ఉంటుందట."

"ఎవరు చూశారు వారం?"

"అతను చెప్పాడు, నేను చెప్తున్నాను." కోడలు గొంతు తగ్గించింది. "రాసింది కూడా మీరే కదా."

అది దెప్పిపొడుపు కాదు. ఉన్నమాట. పేషెంటు తన చార్టు తానే రాసుకుంటే ఎవరు నమ్ముతారు? నర్సమ్మ అట్ట తీసుకుని మేకుకి తగిలించింది. ఆ పూట ఆవిడ సరిగా తినలేదు. అలిగి కాదు, ఆలోచిస్తూ.

శుక్రవారం పద్ధతి మార్చింది. ఎంత కారుతోందో తేలింది, ఎప్పుడు కారుతోందో తేలాలి. మిషన్ నీళ్లు పట్టే చప్పుడు ఆగగానే ఆపేసి పది నిమిషాలు కూర్చుంది. తువాళ్లు పొడి. అంటే నీళ్లు తెచ్చే గొట్టం మంచిదే. నాలుగో వరసలో రాసింది. మళ్లీ తిప్పి, ఈసారి చెవి తలుపుకి ఆనించి, టార్చి అడుగున పెట్టి కనిపెట్టుకుని కూర్చుంది. లోపల నీళ్లు చిమ్మే రెక్క తిరగడం మొదలుపెట్టింది. నీళ్లు గోడలకి కొట్టుకుంటున్న చప్పుడు. ఒక లయ ఉంది దానికి. ప్రతి చుట్టుకీ ఒకసారి, ఎడమవైపు తలుపు కిందికి రాగానే, ఛట్ మని ఒక దెబ్బ. అలాంటి దెబ్బలు ఇరవై అయ్యాక మూల నుంచి మొదటి చుక్క జారింది. నీళ్లు బయటికి తోడేసేటప్పుడు మాత్రం ఒక్క చుక్క కూడా రాలేదు. ఐదో వరస.

తలుపు చుట్టూ ఉన్న రబ్బరు మీద ఆవిడకి ముందునుంచీ అనుమానం. కాగితం ముక్క పెట్టి తలుపు మూసి లాగింది. గట్టిగా పట్టుకుంది. చుట్టూ పద్నాలుగు చోట్ల అలా పెట్టి లాగింది. పద్నాలుగు చోట్లా పట్టు బాగానే ఉంది. రబ్బరు నిర్దోషి. దాన్ని అనుమానించినందుకు ఆవిడకి కొంచెం సిగ్గేసింది కూడా. సాక్ష్యం లేకుండా అనుమానించడం అంటే ఏంటో ఈ మూడు రోజుల్లో బాగా తెలిసొచ్చింది మరి.

ఇక మిగిలింది ఆ ఛట్ మనే దెబ్బ. మంచి రబ్బరైనా చిలకరింపుని ఆపుతుంది గాని, ఒకేచోట సూటిగా కొట్టే ధారని ఆపలేదు. కింది అర తీసి పక్కన పెట్టి, నీళ్లు చిమ్మే రెక్కని తిప్పి బయటికి లాగింది. మూరెడు పొడవున్న ప్లాస్టిక్ రెక్క, పైన వరసగా చిల్లులు. పైకి ఏమీ కనిపించలేదు. సింకులో కుళాయి కింద పట్టి నీళ్లు వదిలింది. చిల్లుల్లోంచి నీళ్లు బుద్ధిగా పైకి లేచాయి. బొటనవేళ్లతో, అరచేత్తో చిల్లులు మూసింది. అప్పుడు బయటపడింది. రెండు ప్లాస్టిక్ ముక్కలు అతికిన చోట, చివర, చిటికెనవేలంత మేర నోరు తెరుచుకుని పలచటి పొరలా నీళ్లు అడ్డంగా ఎగిరి ఆవిడ కళ్లద్దాల మీద పడ్డాయి.

"దొరికావే, దొంగముండా!" అంది నర్సమ్మ గట్టిగా. ఖాళీ ఇంట్లో తన నవ్వు తనకే వింతగా వినిపించింది.

దొరికితే చాలదు, రుజువు కావాలి. కుట్టుపెట్టెలోంచి గట్టి దారం తీసి, విడిపోయిన చోట కట్టుకట్టినట్టు వరస మీద వరస ముప్పై చుట్లు బిగించి ముడేసింది. రెక్క బిగించి మిషన్ తిప్పింది. ఛట్ మనే దెబ్బ లేదు. తువాళ్లు తూచింది. అరవై రెండు, అరవై రెండు, అరవై రెండు, అరవై రెండు. ఆరో వరస. సంతకం చివర గీత మామూలు కంటే పొడుగ్గా లాగింది.

భోంచేసి రెండు గంటలకి కుర్చీలో కూర్చుంది. ఒక్కటే ముల్లు మిగిలింది. పాత సబ్బు లోపల మిగిలిపోతుందన్న ఆ మాటకి ఏం జవాబు చెప్పాలి? కిటికీలోంచి ఎండ మోకాళ్ల మీద పడుతోంది. దానికేదో ఉపాయం ఉండే ఉంటుందనుకుంది.

కోడలు తాళం తీసిన చప్పుడుకి తల తిప్పింది.

"పట్టుకున్నానమ్మా! నేను చెప్పలా? రేపు ఆ మెకానిక్‌ని పిలు. పది గంటలకల్లా రమ్మను."

"పిలుస్తాలెండి, ముందు ఊపిరి పీల్చుకోండి," అని నవ్వింది కోడలు. వంటింట్లోకి వెళ్లి అటూ ఇటూ చూసింది. "ఏదో నిమ్మ వాసనొస్తోందేంటి?"

"సింకు కడిగుంటాను," అంది నర్సమ్మ.

శనివారం మెకానిక్ ఇష్టం లేని పెళ్లికొచ్చినట్టు వచ్చాడు. నర్సమ్మ రెక్కకి కట్టిన దారం విప్పి, రెక్కని అతని చేతిలో పెట్టి కుళాయి చూపించింది. అతను నీళ్లు వదిలాడు, చిల్లులు మూశాడు. చొక్కా తడిసింది. కొడుకు నవ్వు ఆపుకోలేకపోయాడు.

"అతుకు విడిపోయింది," అని ఒప్పుకున్నాడు మెకానిక్. "మార్చాలి. కానీ అమ్మా, సబ్బు కూడా తోడయి ఉండొచ్చు కదా. లోపల మిగిలిన పాత సబ్బు..."

నర్సమ్మ విప్పిన దారాన్ని వేలికి చుట్టుకుంది. ఆ ముల్లు ఇంకా అక్కడే ఉంది. కోడలు మేకు నుంచి అట్ట తీసి, "ఇదిగో, ఇదంతా ఆవిడ రాసిందే, చూడండి," అని అతని చేతికిచ్చింది.

అతను ముందు తేలిగ్గా చూశాడు. తర్వాత కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. వేలు ఒక్కో వరస మీదా ఆగుతూ కిందికి దిగింది. చివరి వరస దగ్గర నిలిచిపోయింది.

"అబ్బ, ఇది కూడా చేశారా?" అని పైకి చదివాడు. "'శుక్రవారం, రెండూ నలభై నుంచి నాలుగు. రెక్కకి దారం కట్టే ఉంది. పోలిక కోసం చేతి సబ్బు ఒక మూత, కావాలని వేశాను. బాగా నురగ. ముందు ఎడమ రెండువందల పది, ముందు కుడి రెండువందల ఐదు. తువాళ్లు జారుడుగా ఉన్నాయి. తర్వాత ఉత్త నీళ్లతో రెండుసార్లు. రెండోసారికి నురగ లేదు, అన్నీ పొడి. సబ్బు లోపల మిగలదు.'"

అట్ట బల్ల మీద పెట్టాడు.

"ఇంక నేను మాట్లాడ్డానికేం లేదమ్మా. సబ్బయితే రెండు మూలలా రావాలి. మీకు మొదట్నుంచీ ఎడమ మూలే. మిగిలిపోతుందన్నది మాకెవరో చెప్పిన మాట, నేనెప్పుడూ చూసింది కాదు." 'వాడకంలో తప్పు' కొట్టేసి 'రెక్కలో లోపం' అని రాశాడు. "నన్ను క్షమించండి. ఆరోజు మా అమ్మని కూడా మధ్యలోకి లాగాను."

కొడుకు వచ్చి వెనకనుంచి భుజాల చుట్టూ చేతులు వేశాడు. "సారీ అమ్మా. నువ్వు చెప్తూనే ఉన్నావు." కోడలు కళ్లు తుడుచుకుంటూ ఫోన్ తీసింది. "ఆవిడకి సోమవారం రావద్దని చెప్పేస్తానత్తయ్యా. ఇప్పుడే."

నర్సమ్మ ఎవరి మాటా వినడం లేదు. అట్ట తన వైపు తిప్పుకుని ఏడో వరస చూస్తోంది.

చేతిరాత తనదే. సున్నాలు పైన మూతపడకుండా వదిలేసేది తనే. సంతకం చివర గీత కూడా తనదే. భోంచేసి కుర్చీలో కూర్చున్నది గుర్తుంది, మోకాళ్ల మీద ఎండ గుర్తుంది. తాళం చప్పుడు గుర్తుంది. ఆ రెండింటి మధ్యా లేచిందట. సీసా తీసి మూతతో కొలిచిందట. తువాళ్లు మార్చిందట, తూచిందట, కడిగిందట, రాసిందట. అంతా సరిగానే చేసింది, ముప్పై నాలుగేళ్లు చేసినంత సరిగా. వెతికితే ఒక్క ముక్క కూడా దొరకడం లేదు. ఆవిడ వరసంతా మళ్లీ మొదటి నుంచి చదివింది.

ఈ సంగతి గదిలో ఇంకెవరికీ తెలీదు. తెలిసే దారి కూడా లేదు. నోరు మూసుకుని ఊరుకుంటే సోమవారం ఎవరూ రారు, పొయ్యి తనదే, మాట తనదే. గెలిచింది కదా. అటు కోడలు చేసిన ఫోన్ అవతల మోగుతోంది.

"పెట్టెయ్యమ్మా," అంది నర్సమ్మ. "ఆవిడని రానీ."

"అదేంటత్తయ్యా? తప్పు మీది కాదని తేలిపోయింది కదా!"

"మిషన్ సంగతి తేలింది." ఏడో వరస మీద వేలు పెట్టింది. "ఇది నేను చేసినట్టు నాకు గుర్తులేదు."

కొడుకు నవ్వబోయాడు. "పనిలో పడి మర్చిపోయుంటావులే..."

"గంటా ఇరవై నిమిషాలు రా. ఏం చేశానో ఒక్కటీ లేదు. ఇప్పుడితను చదువుతుంటే వేరేవాళ్ల చార్టు విన్నట్టుంది నాకు." అట్ట బోర్లించింది. "ఇలాంటి పేషెంటు వార్డులో ఉంటే నేను ఇంటికి పంపేదాన్ని కాదు."

కోడలు ఫోన్ ఆపేసింది. మెకానిక్ చప్పుడు కాకుండా సంచీ సర్దుకుని, కొత్త రెక్క మంగళవారం తెస్తానని కొడుకుతో గుమ్మం దగ్గరే చెప్పి వెళ్లిపోయాడు.

"నాకు భయంగా ఉంది," అంది నర్సమ్మ. ఆ మాట ఈ ఇంట్లో ఆవిడ ఎప్పుడూ అనలేదు. కోడలు వచ్చి పక్కన కూర్చుని చెయ్యి పట్టుకుంది. కాసేపు అలా పట్టుకోనిచ్చింది. తర్వాత చెయ్యి విడిపించుకుని, క్లిప్పులోంచి పాత కాగితం తీసి కింద పెట్టి, కొత్తది బిగించి స్కేలు అందుకుంది.

"అయితే ఒక మాట. ఆవిడ నాకు కాపలా కాయడానికి రాకూడదు. చార్టు రాయడానికి రావాలి. ఎలా రాయాలో నేను నేర్పుతాను. నేనేం చేశానో తను చూసి రాయాలి, సాయంత్రం నన్నడిగి నేను చెప్పింది పక్కన రాయాలి. పొయ్యి దగ్గర నేనుంటే తనూ ఉండాలి. అంతేగాని నన్ను వంటింట్లోంచి తొయ్యకూడదు. నెల రోజులు రాశాక అది పట్టుకుని డాక్టరు దగ్గరికి వెళ్దాం. ఉత్త చేతులతో వెళ్తే ఏం చెప్తాం? ఏదో మర్చిపోతున్నానండీ అనా?"

"రేపే వెళ్దామమ్మా," అన్నాడు కొడుకు.

"రేపు ఆదివారం. ఏ డాక్టరూ ఉండడు. నువ్వెళ్లి టీ పెట్టు."

నిలువు గీతలు గీసింది. టైము. చేసిన పని. గుర్తుందా. సంతకం. గీతలు ఎక్కడా వంకర పోలేదు. పెన్ను కోడలి చేతికిచ్చింది.

"మొదటి వరస నువ్వే రాయి."

"ఏం రాయనత్తయ్యా?"

"శుక్రవారం, రెండూ నలభై నుంచి నాలుగు. మిషన్ పరీక్ష." కోడలు రాసేదాకా ఆగింది. "'గుర్తుందా' దగ్గర, లేదు అని రాయి. సంతకం నేను పెడతాను."